కురేస్ నుంచి నత్తలదొడ్డి దాకా

చరిత్ర చెప్పే ఉద్యోగంలో కొత్తగా చేరిన ఇద్దరు కుర్ర లెక్చరర్లు ఆ మధ్య మా ఇంటికి వచ్చి, "సార్, మీ అనుభవం నాలుగు ముక్కల్లో చెప్పండి" అన్నారు. కాఫీ తాగినంతసేపూ ఆలోచించి, "వేరే ఉద్యోగం దొరికితే వెళ్ళిపోండి" అన్నాను. వాళ్ళు నవ్వారు. నేను నవ్వడం లేదని చూసి మెల్లగా ఆపేశారు.

వాళ్ళు వెళ్ళాక మా ఆవిడ నన్ను ఊరికే వదల్లేదు. "ఇంటికొచ్చిన పిల్లోళ్ళకి ఆ మాటా సెప్పేది? ఇన్నేండ్లు ఆ కూడే తింటిమి గదా" అంది. నిజమే. అందుకే ఇది రాస్తున్నాను. నా అభిప్రాయం మారలేదు గానీ, అలా ఎందుకన్నానో ఆ పిల్లలకు చెప్పాల్సిన బాకీ ఉంది.

అసలు పని

మాది ఎమ్మిగనూరు. ఆదోనిలో ఒక డిగ్రీ కాలేజీలో నా సర్వీసంతా గడిచింది. రోజూ బస్సులో పోయి వచ్చేవాణ్ణి. ప్రమోషన్లు, ఇంక్రిమెంట్లు, తనిఖీల సంగతి ఇక్కడ రాయను. అవి విని బాగుపడినవాడు నాకు తెలిసి ఎవడూ లేడు.

లెక్చరర్ అంటే పాఠం చెప్పేవాడని బయట అనుకుంటారు. మా వైపు చరిత్ర లెక్చరర్ ముందు నేర్చుకోవలసింది ఖాళీ బెంచీల ముందు నిలబడటం. వర్షాకాలంలో చేరిన పిల్లలు చలికాలానికి సగం కనిపించరు. సుగ్గికి పోతారు. వాన మీద ఆధారపడిన చేలలో పని అయిపోగానే ఇంటిల్లిపాదీ మూటలు కట్టుకుని, పొయ్యి కుండలతో సహా లారీలెక్కి గుంటూరు వైపు మిరప కోతలకు వెళ్ళిపోవడాన్ని మేం సుగ్గి అంటాం. కన్నడంలో ఆ మాటకు పంట చేతికొచ్చే కాలమని అర్థం, సంబరపు మాట. అదే మాట మా దగ్గరికి వచ్చేసరికి ఇంటికి తాళం వేయడం అయింది. దీన్ని గురించి క్లాసులో ఒకసారి గొప్పగా ఉపన్యాసం ఇచ్చాను. వినడానికి ఆ రోజు ముందు బెంచీలో ఇద్దరున్నారు, ఇద్దరూ టౌను పిల్లలే.

హాజరు పట్టీలో గైర్హాజరు గుర్తు పెట్టడం తప్ప మేం చేసిందేమీ లేదు. మీరూ అదే చేస్తారు. చేయకండి అని నేను అనడం లేదు. చేస్తున్నప్పుడు కొంచెం సిగ్గుపడండి, అంతే.

ఈటె పేరు పెట్టుకున్న ఊరు

ప్రాచీన రోమ్ పాఠంలో సబైన్లని ఒక జాతి వస్తుంది. రోమ్ పక్క కొండల్లో ఉండేవాళ్ళు, ఎక్కువమంది పశువులు కాసేవాళ్ళు. వాళ్ళకు కురేస్ అని ఒక ఊరుండేది. పాఠ్యపుస్తకంలో ఆ ఊరికి ఒకటే వాక్యం. నేను మాత్రం ఏటా ఒక పీరియడ్ అంతా దానికే ఇచ్చేవాణ్ణి.

ఆ ఊరికి ఆ పేరెలా వచ్చిందో పాతకాలం వాళ్ళు రకరకాలుగా చెప్పారు. సబైన్ల భాషలో ఈటెను దాదాపు అదే మాటతో పిలిచేవారట, అందుకే ఆ పేరు అన్నారు కొందరు. వాళ్ళ దేవుడి పేరు మీద పెట్టారు అన్నారు ఇంకొందరు. ఆ దేవుడికి పుట్టిన కొడుకొకడు అక్కడా ఇక్కడా జనాన్ని పోగుచేసి ఊరు కట్టాడని మరో కథ. క్లాసులో ఈ కథ చెప్పేటప్పుడు నేను నా గొడుగును ఈటెలా పట్టుకుని నేల మీద ఠంగుమని గుచ్చేవాణ్ణి. "ఇదిగో, ఇక్కడ" అనేవాణ్ణి. నిద్రపోయేవాడు కూడా లేచేవాడు.

తరువాతి సంగతి ఇంకా బాగుంటుంది, అంటే ఇంకా అన్యాయంగా ఉంటుంది. సబైన్లు, రోమన్లు కలిసిపోయాక కురేస్ జనం చాలామంది రోమ్‌కి తరలిపోయారట. రోమ్ పౌరులందరికీ వాళ్ళ ఊరి పేరు మీదే ఒక పిలుపు స్థిరపడిందని పాతవాళ్ళు నమ్మారు. పండితులు ఇప్పటికీ ఒప్పుకోరనుకోండి. కానీ ఆ పేరు మహానగరంలో గౌరవంగా మోగుతూ ఉండగా, అసలు ఊరు మాత్రం కుంగి కుంగి పల్లె అయింది. ఇప్పుడు అక్కడ రాళ్ళు ఉన్నాయి, పక్కన ఒక వాగు ఉంది, వాగు పేరులో ఆ పాత మాట కొంచెం మిగిలి ఉంది.

పాఠం అయ్యాక ప్రతి పిల్లవాణ్ణీ మీ ఊరికి ఆ పేరెలా వచ్చిందో కనుక్కొని రమ్మనేవాణ్ణి. సగం మంది ఎవరో రుషి తపస్సు చేశాడని చెప్పేవాళ్ళు. మా జిల్లాలో అంతమంది రుషులు తపస్సు చేసి ఉంటే ఒక్కడైనా వాన కురిపించి ఉండాల్సింది. అయినా విన్నాను. ఆ పీరియడ్‌లో పిల్లలు మాట్లాడేవాళ్ళు, అది చాలు అనుకునేవాణ్ణి.

మా పెద్దసారు

మా శాఖ అధిపతి నాకంటే బాగా పెద్దవాడు, పొడి మనిషి. ఒకరోజు వెనక బెంచీలో కూర్చుని ఈ పాఠం మొత్తం విన్నాడు. తరువాత స్టాఫ్ రూములో టీ తాగుతూ అన్నాడు: "బాగా సెప్తావప్పా. ఆ పిల్లోళ్ళకి వాళ్ళ ఊరి మింద ప్రేమ పుట్టిస్తాండావు. ఆ ఊరు వాళ్ళకి కూడు పెట్టదు. పోక తప్పదు. ప్రేమతో పోవడం కష్టమా, ప్రేమ లేకుండా పోవడం కష్టమా, నువ్వే సెప్పు."

నాకు ఒళ్ళు మండింది. గైడ్లు చదివి పాఠం చెప్పే మనిషికి ఏం తెలుసులే అనుకున్నాను. ఆయన నిజంగానే గైడ్లు చదివే చెప్పేవాడు, అందులో నేను తప్పు మాట్లాడటం లేదు. కానీ ఆ ప్రశ్న మాత్రం గైడ్లలోది కాదు. చెడ్డ లెక్చరర్ కూడా ఒక్కోసారి మంచి ప్రశ్న అడుగుతాడు, దాన్ని కొట్టిపారేయకండి.

సుంకమ్మ

అందరి చేతుల్లోకీ ఫోన్లు వచ్చిన రోజుల్లో సుంకమ్మ మా కాలేజీలో చివరి సంవత్సరంలో ఉండేది. ఆస్పరి అవతల నత్తలదొడ్డి వాళ్ళ ఊరు. ఊరి పేరు చెప్పగానే క్లాసంతా నవ్వింది. తాగడానికే నీళ్ళు లేని ఊళ్ళో నత్తలు ఎక్కడివి అని ఎవరో అన్నారు. సుంకమ్మ నవ్వలేదు.

"సేన్లోనూ ఇట్లే నవ్వుతారు సార్" అంది. "మిరపసేను రెడ్డి భార్య ఏ ఊరే అంటాది. నత్తలదొడ్డి అంటే నవ్వుతాది. మర్నాటికి అదీ మర్సిపోతాది. ఆడ మేమంతా ఆదోనోళ్ళమే. ఆలూరోళ్ళూ ఆదోనోళ్ళే, ఆస్పరోళ్ళూ ఆదోనోళ్ళే."

నేను సంబరంగా, "చూశావా, కురేస్ పేరు కూడా ఇలాగే అందరికీ అంటుకుంది కదా" అన్నాను. ఆ పిల్ల నా సంబరంలో పాలు పంచుకోలేదు. తిరిగి నన్నే అడిగింది: "ఊరోళ్ళంతా రోమ్‌కి పోయినంక, ఊరి కత ఎవురు ఎవురికి సెప్పినారు సార్?" నాకు తెలియదని చెప్పాను. మనకు దొరికిన కథలన్నీ ఇతరులు రాసుకున్నవే, కురేస్ వాళ్ళు తమ గురించి తాము ఏం చెప్పుకున్నారో ఎవరికీ తెలియదు.

తమ ఊరి కథ తెలిసిన మనిషి ఒకే ఒక్కరు మిగిలారని అప్పుడు చెప్పింది. ఆమె సుంకమ్మ అవ్వే, నాన్నకు తల్లి. ఆ ఇంటి ఆడవాళ్ళే ఉగాది మర్నాడు ఊరంతా కూడే సావిడి దగ్గర కూర్చుని ఊరి కథ చెప్పాలి. తరాలుగా అదే కట్టుబాటు. సుంకమ్మ పుట్టాక ఒక్కసారీ చెప్పలేదట. ఎందుకని అడిగితే, "మీరే వచ్చి అడగండి సార్, నేనడిగితే నోరు మూయిస్తాది" అంది. మరో వారానికి వాళ్ళ ఇంటివాళ్ళు సుగ్గికి బయల్దేరారు. సుంకమ్మ కూడా వెళ్ళింది.

నేను నిజంగానే వెళ్ళాను. ఊళ్ళో తలుపులకు తాళాలు, నడిచే వయసు దాటినవాళ్ళు, కోళ్ళు. అవ్వ అరుగు మీద కూర్చుని కందులు ఏరుతోంది. నేనెవరో చెప్పాక నా వైపు నిదానంగా చూసింది.

"గడప గడపనుంచి ఒగరుండల్ల సార్. ఊర్లో ఎన్ని గడపలుంటే అంతమంది. ఒగ్గడప తక్కువైనా సెప్పగూడదు."

"నాకు చెప్పవ్వా, రాసిపెడతాను" అన్నాను.

"ఊరు లేనప్పుడు ఊరి కత సెప్తే సచ్చినోళ్ళ గురించి సెప్పినట్ల ఉంటాది. మా ఊరు సావలేదు గదా సార్. సుగ్గికి పోయినాది."

ఏటా ఉగాదికి ఏదో ఒక ఇంటివాళ్ళు తిరిగి రాకపోవడం, ఏటా కథ ఆగిపోవడం, అలా జరుగుతూ వచ్చిందట. ముసలివాళ్ళను ఒక్కొక్కరినీ అడిగాను. వంకలో నీళ్ళ సంగతేదో వస్తుందన్నాడు ఒకాయన. ఎవరో బాలింత వస్తుందంది ఒకామె. అంతకు మించి ఎవరికీ గుర్తు లేదు.

పసుపు పూసిన గడపలు

నేను వెళ్ళి వచ్చిన సంగతి సుంకమ్మకు ఫోన్లో చెప్పాను. "ఈ ఉగాదికి సెప్పిస్తా సార్" అంది.

ఆ పిల్ల ఏం చేసిందో తరువాత వాళ్ళ నాన్న మారెప్ప నాకు చెప్పాడు. పొద్దంతా మిరపకాయలు కోసి, సాయంత్రాలు పరదాల గుడిసెల చుట్టూ తిరిగి, ఇంటికొకరు చొప్పున ఉగాదికి ఊరికి రావాలని అందరినీ ఒప్పించిందట. హైదరాబాదులో ఉన్నవాళ్ళకు, బెంగళూరులో బిల్డింగ్ పనుల్లో ఉన్నవాళ్ళకు ఫోన్లు చేసిందట. ఆఖరి కోత ఆగిపోతుందని చేను రెడ్డి గోల చేస్తే, ఇంటికొకరే కదా అని కూలీలను తెచ్చిన మేస్త్రీ చేత సర్ది చెప్పించిందట. పరీక్ష ఫీజు గడువు ఈ గొడవలోనే దాటిపోయింది. ఆ సంగతి నేను అడిగితే, "పరీక్ష మళ్ళీ వస్తాది సార్, అవ్వ రాదు" అంది.

ఉగాది మర్నాడు సాయంత్రం నేను నత్తలదొడ్డి వెళ్ళాను. అన్నేళ్ళ ఉద్యోగంలో నేను అంత ఆశగా ఎక్కడికీ వెళ్ళలేదు. సావిడి ముందు జనం నిండుగా ఉన్నారు. చర్చికి పోయే ఇళ్ళవాళ్ళూ వచ్చి కూర్చున్నారు, గడపల లెక్కకు దేవుడితో పని లేదు. నేను వెనక్కి జరగబోతే అవ్వ, "కూసో సార్. ఇను. నీకి ఈడ గడప లేదు, నీ లెక్క లేదు" అంది. అందరూ నవ్వారు. అవ్వ కొత్త చీర కట్టుకుంది.

మారెప్ప ఒక్కో ఇంటివాళ్ళ పేరు పిలిచాడు. ఉన్నాం అంటూ వచ్చారు. ఈరన్న పేరు దగ్గర ఎవరూ పలకలేదు.

ఈరన్న కుటుంబం బెంగళూరుకు పోయి చాలా ఏళ్ళయింది. వస్తానని సుంకమ్మకు మాట ఇచ్చాడు. ఆమె అందరి ముందే ఫోన్ చేసింది. సెలవు దొరకలేదన్నాడు. తరువాత గొంతు తగ్గించి, "మేమింక రాములే సుంకమ్మా. మా రేషను కార్డు, ఓటు అంతా ఈడికి మార్సుకున్నాం. మా గడప లేదనుకోండి" అన్నాడు. స్పీకరు పెట్టి ఉండటంతో అందరూ విన్నారు.

"లేదనుకుంటే లేకుండా పోతాదా" అంది అవ్వ.

అందరం ఆ ఇంటి వైపు చూశాం. సావిడికి ఎదురుగానే ఉంది. తాళం తుప్పు పట్టింది, కప్పు ఒక పక్క కుంగింది. గడప మాత్రం పచ్చగా ఉంది. ఊళ్ళో అన్ని గడపలతో పాటు దానికీ పొద్దున సుంకమ్మే కడిగి పసుపు పూసింది.

కొంతసేపటికి ఒక పడుచువాడు లేచాడు. "ఆయప్పే లేదనుకోమంటాండాడు గదా. గడప పీకేస్తే లెక్క సరిపోతాది" అన్నాడు. వాడి మాటలో ఎగతాళి లేదు, పని జరగాలనే అన్నాడు. ఎవరో గడ్డపార కూడా తెచ్చారు. తెచ్చినవాడు దాన్ని సావిడి గోడకు ఆనించి పక్కకు జరిగాడు. దాన్ని ముట్టుకోవడానికి ఇంకెవరూ లేవలేదు.

అవ్వ అందరి మొహాలూ చూసింది. "ఒగరి గడప పీకి సెప్పుకునే కత కాదప్పా ఇది" అని లేచింది.

సుంకమ్మ ఆమె కాళ్ళ దగ్గర కూర్చుండిపోయింది. "నాకన్నా సెప్పవ్వా. సెవిలో సెప్పు. ఎవురికీ సెప్పను" అంది. అంతమందిలో ఏడ్చింది. అవ్వ మనవరాలి చెంప నిమిరింది.

"నీకి సెప్తే అది నీ కత అయితాది తల్లీ. ఊరి కత కాదు."

అవ్వను తిట్టుకుంటూ ఆ రోజు బస్సెక్కాను. మొండి ముసలిది, ఒక్క మాట చెబితే ఏం పోయేది అనుకున్నాను. ఎమ్మిగనూరు చేరేసరికి ఆ కోపం పోయింది, వేరే ఏదో పట్టుకుంది. చచ్చిన ఊళ్ళ కథలు చెప్పి జీతం తీసుకున్నవాణ్ణి నేను. బతికున్న ఊరు బతికున్నట్టుగానే ఉండాలని పట్టుబట్టింది ఆమె. ఇద్దరి వల్లా ఏమీ నిలబడలేదు.

వచ్చినవాళ్ళు వచ్చినట్టే మర్నాడు మిరప చేలకు వెళ్ళిపోయారు. అటుపై చలికాలంలో, ఊరంతా సుగ్గిలో ఉండగా అవ్వ పోయింది. సుంకమ్మ మళ్ళీ పరీక్ష కట్టలేదు. నేను రిటైరైన కొన్నాళ్ళకు మా కాలేజీలో చరిత్రలో చేరేవాళ్ళు లేక ఆ కోర్సు తీసేశారు.

ఇక మీకు

పాఠం బాగా చెబితే పిల్లలు మారతారని మీకు ట్రైనింగుల్లో చెబుతారు. మారేది పాఠమే. అది మీ చేతి నుంచి వదిలాక ఎవరి అవసరానికి ఎలా వాడబడుతుందో మీకు తెలియదు. నాకు తెలిసింది ఈ చలికాలంలో.

ఆస్పరి వైపు ఒక పెళ్ళికి పోయి వస్తూ నత్తలదొడ్డి దగ్గర బస్సు దిగాను. ఎందుకు దిగానో అడగకండి. సావిడి ముందు వ్యాను నిలబడి ఉంది, మూటలు ఎక్కిస్తున్నారు. ఈరన్న ఇల్లు పూర్తిగా కూలిపోయి గడప మట్టిలో పూడిపోయింది. దాని పక్కన ఇంకా చాలా ఇళ్ళకు తుప్పు తాళాలే. సావిడి అరుగు మీద సుంకమ్మ కూర్చుని ఉంది. ఇప్పుడు ఆ కూలీలకు మేస్త్రీ ఆమే. చుట్టూ పిల్లలు, ప్రయాణానికి కట్టిన తలపాగాల్లో, స్వెట్టర్లలో.

ఆమె వాళ్ళను ఊరుకోబెట్టడానికి కథ చెబుతోంది. చేతిలో ఒక కర్ర ఉంది.

"దేవునికి పుట్టిన కొడుకొగాయన ఉన్యాడు. ఊరు లేదు, ఇల్లు లేదు. ఈటె పట్టుకుని నడిసి నడిసి వచ్చినాడు. యాడ ఉండల్ల, యాడ ఉండల్ల అని సూసి సూసి..." కర్రెత్తి నేల మీద ఠంగుమని గుచ్చింది. "ఇదో, ఈడ అన్యాడు. అదే మన నత్తలదొడ్డి."

"నత్తలు యాడియి మరి?" అంది ఒక చిన్నపిల్ల.

"అవి తర్వాత వచ్చినాయిలే" అంది సుంకమ్మ.

తలెత్తి నన్ను చూసింది. గుర్తు పట్టి లేచి నిలబడింది. సిగ్గుపడలేదు, తప్పు చేసినదానిలా కూడా లేదు. నేను ఏమీ అడగకముందే చెప్పింది.

"పిల్లోళ్ళు అడుగుతాండారు సార్. సేన్లో నవ్వుతారు గదా, అందుకు. ఏందో ఒగటి సెప్పల్ల. మీరు సెప్పినాదే సెప్తాండా."

"అది ఇక్కడిది కాదు కదమ్మా" అన్నాను.

వ్యాను హారన్ కొట్టింది. సుంకమ్మ పిల్లలను ఒక్కొక్కరినీ ఎత్తి లోపలికి అందించింది. ఆఖర్న తనూ ఎక్కి, తలుపు పట్టుకుని నా వైపు వంగింది.

"ఎవురిదైతే ఏంది సార్. ఈ కతకి గడపలు లెక్కపెట్టే పని లేదు. ఇద్దరున్నా సెప్పచ్చు, యాడున్నా సెప్పచ్చు."